ఏడ్రియానోపుల్ ఎముకలు

ముప్పై ఏళ్లు రోమన్ సైన్యం గురించి కాలేజీలో పాఠాలు చెప్పాను. ఒక్క రోమన్ సైనికుణ్ణి కూడా చూడలేదు. యాభై ఎనిమిదో ఏట, భీమిలి దారిలో ఎర్రమట్టి కొండ మీది ఒక ప్రయోగశాలలో చూశాను. అతని పేరు బొడ్డు రామినాయుడు. ఆ ప్రయోగశాల గేటు దగ్గర కాపలా ఉద్యోగి. సైన్యంలో హవల్దారుగా పనిచేసి రిటైరయ్యాడు. కుడి మోకాలు సరిగ్గా వంగేది కాదు.

నన్ను అక్కడికి పిలిపించింది డాక్టర్ చలపతి. ఆ ప్రయోగశాలకు డైరెక్టరు. వెళ్లిన రోజు కుర్చీ చూపించకుండానే గాజు పెట్టెలో ఒక తొడ ఎముకను పెట్టి మీట నొక్కాడు. సన్నటి వెలుగు ఎముక పొడుగునా పాకింది. ఎదురుగా తెర మీద గీతల మనిషి ఒకడు లేచి నడవడం మొదలుపెట్టాడు. భుజాన బరువున్నట్టు కాస్త ముందుకు వంగి, అడుగు తడబడకుండా నడుస్తూనే ఉన్నాడు.

"ఇరవై రెండేళ్లు నడిచాడు మేడమ్," అన్నాడు చలపతి. "మనిషి పదేపదే చేసిన పని ఎముకలో పొరలుగా పడుతుంది. ఇన్నాళ్లూ వాటిని చదవడం రాలేదు. ఇప్పుడు చదువుతున్నాం. చదివినదాన్ని బతికున్న మనిషి నరాల్లోకి పంపుతున్నాం. ఎముకపాఠం అంటున్నాం దీన్ని. పదేళ్ల కవాతు ఇరవై రోజుల్లో ఒంటికి వచ్చేస్తుంది."

"ఎవరిదీ ఎముక?"

"మీ వాడిదే. డాన్యూబ్ నది ఒడ్డున రోమన్ కోటలో దొరికింది. విదేశీ మ్యూజియం వాళ్లు రెండు అస్థిపంజరాలు పరీక్షకని ఇచ్చారు. వాళ్లంత కఠినంగా సాధన చేసిన సైన్యం మరొకటి లేదని మీ పుస్తకంలోనే రాశారుగా."

రాశాను. అంతకంటే గట్టిగా ఇంకో మాట కూడా రాశాను. రోమ్ తన సైన్యంలోకి పరాయి తెగలవాళ్లను రానిచ్చిందనీ, వాళ్లే దాన్ని కూల్చారనీ ఆ పుస్తకంలో నాలుగు వందల పేజీలు వాదించాను. ఒప్పుకోనివాళ్లతో ఎన్ని సభల్లో పోట్లాడానో లెక్కలేదు.

"మన సైన్యంలో కొత్తగా చేరినవాడు మొదటి పోరులోనే పోతున్నాడు," అన్నాడు చలపతి. "పాతవాడు బతికి బయటపడుతున్నాడు. పాతవాడి ఒళ్లు కొత్తవాడికి ఇస్తానంటున్నాను. తప్పా?"

తప్పని ఎలా అనను? నా పని రెండు రకాలు. ఏ ఎముక ఏ కాలానిదో, ఏ దళానిదో తేల్చి సంతకం పెట్టాలి. పాఠం ఎక్కించేటప్పుడు లాటిన్‌లో ఆజ్ఞలు అరవాలి. ఆజ్ఞతో కలిసి ఎక్కితే కదలిక గట్టిగా నిలుస్తుందట. కాలేజీలో నా క్లాసుకు పదిమంది వచ్చేవారు, అందులో ఆరుగురు కునుకు తీసేవారు. ఇక్కడ నేను అరిస్తే ఒక మనిషి కదిలేవాడు. ఆ సుఖం నాకు తెలియకుండానే తలకెక్కింది.

ప్రయోగానికి రామినాయుడు తనంతట తానే వచ్చాడు. "మోకాలు వంగితే సాలు బాబూ, మరేటీ వొద్దు," అన్నాడట చలపతితో. నెత్తికి లోహపు టోపీ, ఒంటికి తీగల చొక్కా తొడిగి రోజుకు రెండు గంటలు నిలబెట్టేవారు. పన్నెండో రోజు నేను "స్తా!" అని అరిచాను. నిలబడు అని అర్థం. కుంటుకుంటూ తిరిగే ఆ మనిషి రెండు మడమలూ నేలకు దిగేసినట్టు నిలబడ్డాడు. నడవమన్నాను. హాలు చుట్టూ నలభై సార్లు తిరిగాడు. మోకాలి గాయం అలాగే ఉంది. కానీ గాయమున్న కాలితో ఎలా నడవాలో ఇరవై రెండేళ్లు నడిచినవాడికి తెలుసు. రామినాయుడు గోడకు ఆనుకుని పెద్దగా నవ్వాడు, నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నాడు.

ప్రయోగశాల వెనకాల ఉద్యోగుల ఇళ్ల వరస ఉంది. చివరి ఇల్లు అతనిది. వారం తర్వాత అతని భార్య సూరీడమ్మ నన్ను దారిలో ఆపింది.

"అమ్మగారూ, ఒకపాలి వచ్చి సూడండి."

ఇంటి చుట్టూ మోకాలి లోతున కందకం తవ్వి ఉంది. మట్టిని లోపలి వైపు గట్టుగా పోశాడు. గట్టు మీద కర్రలు వరసగా పాతాడు.

"రోజూ సందేళ ఇదే పని. ఇది తవ్వీదాకా అన్నం ముట్టడు. మళ్లీ పొద్దున్నే పూడ్సీసి డ్యూటీకెల్తాడు. సాయంత్రం మళ్లీ తవ్వుతాడు. ఏటమ్మా ఇది?"

నాకు ఒళ్లు పులకరించింది. రోమన్ దళం ఎక్కడ మజిలీ చేసినా రోజూ కందకం తవ్వుకుంటుంది, బయల్దేరేటప్పుడు పూడుస్తుంది. పుస్తకాల్లో చదివింది నా కళ్ల ముందు ఎర్రమట్టిలో ఉంది. ఆమెకు అదే చెప్పాను, ఉత్సాహంగా.

సూరీడమ్మ నా ముఖం వంక చూసింది. "మీకు సంబరంగా ఉంది," అంది. "ఆయన కాలు బాగైనాదని నానూ సంబరపడ్డాను. ఇంక సాలమ్మా. ఇక్కడితో ఆపీమని డాక్టరుబాబుకి మీరు సెప్పండి. మీ మాటయితే ఇంటాడు."

చెబుతానన్నాను. చెప్పలేదు.

రెండో అస్థిపంజరం పెట్టె మర్నాడే తెరిచారు. క్రీస్తు శకం 378లో, రోమన్ల నగరం ఏడ్రియానోపుల్ దగ్గర గోత్ తెగలవాళ్ల చేతిలో రోమన్ సైన్యం మూడింట రెండు వంతులు ఒక్క మధ్యాహ్నంలో తుడిచిపెట్టుకుపోయింది. వాలెన్స్ చక్రవర్తి శవం కూడా దొరకలేదు. ఆ యుద్ధభూమిలో దొరికిన మనిషి ఇతను. నడుముకు రోమన్ సైన్యం ఇచ్చే కంచు బిళ్లల పట్టా ఉంది. పదిహేనేళ్ల రోమన్ కత్తిసాధన ఎముకల్లో స్పష్టంగా కనిపించింది. నేను రెండు రోజులు చూసి, క్రమశిక్షణ గల రోమన్ సైనికుడని సంతకం పెట్టాను. దంతాల పరీక్షలో ఒక చిన్న తేడా వచ్చింది. బాల్యంలో తాగిన నీరు డాన్యూబ్‌కు ఉత్తరాన, రోమ్ ఏలుబడికి అవతల ఉన్న నేలదని. చలపతి దాని మీద వేలు పెట్టి, "దీని సంగతేంటి?" అని అడిగాడు.

"సరిహద్దు కోటలో పుట్టి ఉంటాడు," అన్నాను. అంత తొందరగా ఎందుకన్నానో నాకు తెలుసు. నా పుస్తకానికి ఒక నికార్సయిన రోమన్ వీరుడు కావాలి. పరాయివాళ్ల మధ్య నిలబడి చచ్చినవాడు కావాలి.

రామినాయుడికి ఆ పాఠం ఎక్కించడం మొదలైంది. మూడో రోజు టోపీ తీశాక అతను చెమటతో తడిసి బెంచీ మీద కూర్చుని నాతో అన్నాడు:

"మేడమ్‌గారూ, మొదటాయన లాగ లేదీయన. మొదటాయన ఒల్లు దర్జాగా ఉండేది. ఈయన ఎవుడో ఎనకాల నించి కొడతాడని మెడ దగ్గిరకి లాక్కుంటన్నాడు. పక్కనోల్లని సూసి తల దించుతన్నాడు. ఆల్లు ఈయనోల్లు కారేమో."

"పక్కనున్నది రోమన్ సైన్యమే నాయుడూ. ఇతనూ రోమనే."

"మీరు సదూకున్నోరు," అన్నాడు అతను. "నాకు ఒల్లు సెప్పిందే సెప్పాను."

చలపతి తొందరపడుతున్నాడు. సైన్యం నుంచి ఒక కమిటీ పరిశీలనకు రాబోతోంది. చివరి పొరలు, అంటే ఆ మనిషి ఆఖరి సంవత్సరంలో నేర్చినవి, చాలా పల్చగా, చాలా గట్టిగా ఉన్నాయి. వాటిని ఆరు రోజులకు బదులు రెండు రోజుల్లో ఎక్కించాడు. నేను పక్కనే నిలబడి ఆజ్ఞలు అరిచాను.

అప్పట్నుంచి రామినాయుడు కందకం తవ్వలేదు. ఇంట్లో గోడకు వీపు ఆనించి కూర్చునేవాడు. అన్నం తింటూ గుమ్మం వైపే చూసేవాడు. గేటు దగ్గర ఉద్యోగులు పలకరిస్తే జవాబు చెప్పేవాడు కాదు. ఎవరు దగ్గరకొచ్చినా కుడిచెయ్యి నడుము దగ్గరకు పోయేది. ఒక ఆదివారం ఉదయం పక్కింటి గుమాస్తా మెట్ల మీద కూర్చుని కొబ్బరికాయ కొట్టి చిప్ప అవతలికి విసిరాడు. అది రామినాయుడి భుజానికి తగిలింది. మరుక్షణం గుమాస్తా నేల మీద ఉన్నాడు. చెయ్యి రెండు చోట్ల విరిగింది.

చలపతి ఆ మధ్యాహ్నమే ఉత్తర్వు రాశాడు. కుటుంబంతో సహా మర్నాడు ఉదయానికల్లా ఇల్లు ఖాళీ చెయ్యాలి.

"పాఠం తీసెయ్యలేరా?" అని అడిగాను.

"దాని మీద ఇంకోటి వెయ్యగలను. తీసెయ్యడం ఎవరికీ రాదు. ఎల్లుండి కమిటీ వస్తోంది. ఆ మనిషి వాళ్ల కంట పడకూడదు."

నేను ఇంటికి వచ్చి ఆ కాలపు చరిత్రల్ని మళ్లీ తీశాను. ఉత్తరాన పుట్టి, రోమన్ పట్టా కట్టుకుని, పక్కవాళ్లను చూసి మెడ లాక్కునే మనిషి ఎవడు? ఒక పేరా దగ్గర నా చెయ్యి ఆగింది. ఎన్నోసార్లు చదివి, నా వాదానికి పనికిరాదని దాటేసిన పేరా.

గోత్ తెగవాళ్ల దళం ఒకటి ఎన్నో ఏళ్లుగా రోమ్ కొలువులో ఉంది. ఏడ్రియానోపుల్ నగరం బయట చలికాలం గడుపుతోంది. సరిహద్దులో వాళ్ల తెగవాళ్లు తిరగబడ్డా వీళ్లు కదలలేదు. ఇంతలో తూర్పుకు వెళ్లమని చక్రవర్తి ఆజ్ఞ వచ్చింది. సరే వెళతాం, దారికి తిండి ఇవ్వండి, రెండు రోజులు గడువివ్వండి అని అడిగారు. నగరాధికారికి వాళ్ల మీద ఏదో కక్ష. ఊరి జనానికీ, ఆయుధాల కర్మాగారం పనివాళ్లకూ కత్తులిచ్చి వాళ్ల మీదికి పంపాడు. దళంవాళ్లు ఏం చెయ్యాలో తెలియక నిలబడిపోయారు. జనం తిట్టారు. రాళ్లు, బల్లేలు విసిరారు. అప్పుడు ఆ దళం రోమన్ కత్తులు దూసింది. తర్వాతి ఏడాది జరిగిన పెద్ద యుద్ధంలో రోమన్ పట్టాలతోనే రోమన్లను నరికింది.

రామినాయుడి ఒంట్లో ఉన్నది ఆ దళంవాడు. నేను సంతకం పెట్టి పంపినవాడు.

మర్నాడు పొద్దున్నే చలపతి గదికి పరుగెత్తాను. అప్పటికే అతను కాపలావాళ్లను, ప్రయోగశాలకు పరికరాలు చేసే కార్ఖానా మనుషులను, గుమాస్తా బంధువులను పోగేశాడు. నలభై మంది. చేతుల్లో కర్రలు.

"జనాన్ని పంపకండి. రెండు రోజులు ఆగండి. తనంతట తానే వెళ్లిపోతాడు. మీరిప్పుడు చేస్తున్నది ఆ నగరాధికారి చేసిందే," అన్నాను.

"ఏ నగరాధికారి?"

చెప్పాను. అతని ముఖంలో రక్తం దిగిపోవడం చూశాను. కానీ మరుక్షణమే పళ్లు బిగించాడు. "పరాయివాడని తెలిసీ రోమన్ అని రాశారా?"

"తెలియదు. తెలుసుకోదలచలేదు."

"అయితే ఈ పాపం మీది. నన్ను నా పని చేసుకోనివ్వండి."

మేము చేరేసరికి ఆ ఇంటి ముందు జనం అరుస్తున్నారు. రామినాయుడు వాకిట్లో నిలబడి ఉన్నాడు. ఎడమచేతిలో తలుపు నుంచి ఊడదీసిన పలక, కుడిచేతిలో గునపం. కదలడం లేదు. చరిత్రలో రాసినట్టే కదలకుండా నిలబడిపోయాడు. ఎవరో మొదటి రాయి విసిరారు. పలక మీద పడి జారింది. రెండోది అతని నుదుటికి తగిలింది.

అతను ముందుకు అడుగు వేశాడు. ఆ అడుగు నాకు తెలుసు. దాని తర్వాత పొడుపు వస్తుంది.

"స్తా!" అని అరిచాను.

నేను ఇచ్చిన ఆజ్ఞ, నేను నేర్పిన మాట. ఆగుతాడనుకున్నాను. అతను తల తిప్పి నా వంక చూశాడు. ఆ చూపులో రామినాయుడు లేడు. పదిహేనేళ్లు ఆ భాషలో ఆజ్ఞలు విని, ఆ భాషలోనే తిట్లూ రాళ్లూ తిన్నవాడు ఉన్నాడు. నా వైపు మూడు అడుగులు వేశాడు. గునపం వంకర తిరిగి నా ముంజేతి మీద పడింది. ఎముక విరిగిన చప్పుడు నాకే వినిపించింది. కింద పడ్డాను. గునపం మళ్లీ లేచింది.

అప్పుడు సూరీడమ్మ ఇంట్లోంచి బయటికి వచ్చింది.

ఏడుస్తుందనుకున్నాను, అతని చెయ్యి పట్టుకుంటుందనుకున్నాను. ఆమె వంగి, జనం విసిరిన రాళ్లనే ఏరి జనం మీదికి విసరడం మొదలుపెట్టింది.

"రండ్రా! ఎంతమందొస్తారో రండి! దేశానికి కాపలా కాసినోడు, మీ గేటుకి కాపలా కాసినోడు! ఆడి ఒంట్లోకి దెయ్యాన్ని ఎక్కించీసి ఇప్పుడు కర్రలట్టుకొస్తారా?"

విసురుతూ విసురుతూ వచ్చి భర్తకు ఎడమ పక్కన నిలబడింది. ఆమెకు రోమన్ యుద్ధం గురించి ఏమీ తెలియదు. కుడిచేతిలో గునపం ఉంది కాబట్టి ఎడమ వైపుకు వచ్చింది, అంతే.

రామినాయుడు ఆగాడు. రోమన్ వరసలో ప్రతి సైనికుడి డాలూ సగం అతన్నీ, సగం ఎడమ పక్కవాణ్ణీ కాపాడుతుంది. రోమ్ మీద పగబట్టినవాడి ఎముకల్లోనూ అది ఉంది. పక్కన మనిషి నిలబడితే డాలు దానంతట అదే జరుగుతుంది. పలక ఆమె వైపు జరిగింది. ఆమె ముఖానికి రాబోయిన రాయి పలక మీద పడింది. లేచిన గునపం దిగింది. వరసలో నిలబడ్డవాడు ఒంటరిగా ముందుకు దూకకూడదు. అతను వెనక్కి ఒక అడుగు వేశాడు. ఆమె కూడా వేసింది. జనం వైపు చూస్తూనే, పలక ఆమె మీదనుంచి తియ్యకుండా, అడుగు వెనక అడుగు వేసుకుంటూ ఇంటి పక్కనుంచి జీడితోటలోకి దిగిపోయారు. వెంటపడేందుకు నలభై మందిలో ఒక్కడికీ ధైర్యం చాలలేదు.

కమిటీ వచ్చింది. చెయ్యి కట్టుతో నేనూ కూర్చున్నాను. చలపతి ఇళ్ల వరస దగ్గరి కెమెరాలో రికార్డయిన దృశ్యం వేశాడు. దాస్తాడనుకున్నాను, గర్వంగా చూపించాడు. నలభై ఐదేళ్ల కుంటివాడు నలభై మందిని నిలువరించాడు. కమిటీవాళ్లు ముందుకు వంగి చూశారు. వాళ్ల కళ్లలో మెచ్చుకోలు కనిపించింది.

నేను లేచి అన్నీ చెప్పాను. నా సంతకం తప్పని చెప్పాను. వాళ్లలో పెద్దాయన, తెల్ల మీసాల అధికారి, ఒక్కటే అడిగాడు. "అతను చివరకు కత్తి ఎవరి మీద ఎత్తాడు?"

"తనకు కత్తి ఇచ్చినవాళ్ల మీద."

"ఎందుకు?"

"రెండు రోజులు గడువడిగితే రాళ్లతో కొట్టినందుకు."

ఆయన ఫైలు మూసేశాడు. ఆ నెలాఖరుకు ప్రయోగశాలకు తాళం పడింది. తాళం వేసిన రోజు చలపతి నా దగ్గరకొచ్చి, గొంతు పెంచకుండా అన్నాడు. "ఇక మీదట సరిహద్దులో చచ్చే ప్రతి కుర్రాడి పేరూ మీకు పంపిస్తాను. చదువుకోండి." రెండు ఉత్తరాలు వచ్చాయి కూడా. వాటిలో పేర్లున్నాయి.

నా పుస్తకాన్ని మళ్లీ రాశాను. పరాయివాళ్లు కూల్చారన్న అధ్యాయం కొట్టేసి, ఆ దళం గురించి రాశాను. అచ్చయిన మొదటి ప్రతి తీసుకుని గజపతినగరం అవతల, వాళ్లు తలదాచుకున్న సూరీడమ్మ పుట్టినూరు వెళ్లాను. అరుగు మీద కూర్చుని చింతపండు పిక్క తీస్తోంది. నన్ను చూసి లేవలేదు.

"ఏటి?"

పుస్తకం చాచాను. ఏం రాశానో చెప్పాను. క్షమించమని అడిగాను. ఆమె పుస్తకం అందుకోలేదు.

"నీ తప్పు నువ్వు రాసుకున్నావు. దానికి మళ్లీ పుస్తకమొకటి. మాకేటి వచ్చింది?"

"రామినాయుడిని ఒక్కసారి చూసి వెళతాను."

"నిన్ను సూస్తే ఆయన సెయ్యి లేస్తాది. లేసిన సెయ్యి దించడానికి నాకు పూటంతా పడతాది. సంతకెల్లినా, సేనుకెల్లినా ఎడం పక్కన నాను ఉండాల. లేకపోతే మనుసుల్లో నడవలేడు. నాను సచ్చిపోతే ఏటవుతాడో అని రోజూ దేవుడికి మొక్కుకుంటన్నాను, ఆయన్నే ముందు తీసుకుపొమ్మని. ఏ పెల్లామేనా అలగ మొక్కుద్దా? ఎల్లు. మా ఇంట నీకు మంచినీల్లు కూడా లేవు."

వచ్చిన దారినే నడిచాను. బస్సు కోసం చెరకు తోట పక్కన నిలబడి ఉండగా వాళ్లిద్దరూ చేను వైపు వెళుతూ రోడ్డు మీదికి వచ్చారు. తల మీద తట్టతో సూరీడమ్మ ఎడమ పక్కన, అతను కుడి పక్కన. దాక్కోవడానికి చోటు లేదు. అతను నన్ను చూశాడు.

ఒట్టి ఎడమచెయ్యి మోచేతి దగ్గర వంగి లేచింది. భార్య భుజానికి అడ్డంగా, గుండెలకు అడ్డంగా నిలిచింది. అలా ఆమెను కప్పి, నా మీదనుంచి చూపు తిప్పకుండా, రోడ్డు అవతలి అంచున నడిచి నన్ను దాటాడు. దాటి చాలా దూరం పోయాక కూడా ఆ చెయ్యి దిగలేదు.